ఉత్తరం పక్క 12 అడుగుల ఖాళీ జాగా, మొదటి నుంచి తోట వెయ్యాలి – మధురవాడ, విశాఖ

కొత్తిల్లు_మధురవాడ | మే 11

అందరికీ నమస్కారం. మార్చిలో గృహప్రవేశం అయింది. తూర్పు ముఖం ఇల్లు, కిందా పైనా రెండంతస్తులు. వాస్తు చూసి ఉత్తరం పక్క ఎక్కువ వదిలారు. వెడల్పు 12 అడుగులు, పొడవు 36. తూర్పున గేటు దగ్గర ఇంకో 10 అడుగులు ఉంది. ఉత్తరం ప్రహరీ అవతల ఖాళీ స్థలమే, అడ్డేమీ లేదు. ప్రస్తుతం ఆ జాగాలో ఉన్నదల్లా మేస్త్రీలు వదిలేసిన సిమెంటు పెళ్లలు, టైల్సు ముక్కలు, కంకర. పైన పలచగా ఎర్రమట్టి పరిచి వెళ్లిపోయారు.

మా అత్తగారు సింహాచలం కొండ కింద పుట్టి పెరిగారు. ఆవిడ అడిగింది ఒక్కటే, సంపెంగ చెట్టు. నా జాబితా పెద్దది: మామిడి, జామ, మునగ, కరివేపాకు, మల్లె, కాసిన్ని ఆకుకూరలు. కడియం నర్సరీల నుంచి మొక్కలు తెచ్చే బండి అతను వారంలో వస్తానన్నాడు. ఏవేవి చెప్పమంటారు?

ఇంకో సంగతి. వచ్చిన కొత్తలోనే ఒక మందారం నాటాను. కొత్తాకులు పసుపెక్కిపోయాయి, ఈనెలు మాత్రం పచ్చగా ఉన్నాయి. నీళ్లు ఎక్కువై అలా అయిందా?

గరపనేల | మే 11

అమ్మా, ముందు ఆ బండి అతన్ని నెలాగమనండి. ఇది రోహిణి కార్తె ముంగిట. ఇప్పుడు నాటిన మొక్కని బతికించుకోడానికి పడే పాటు, మృగశిర దాటి రెండు వానలు పడ్డాక నాటితే పడక్కర్లేదు.

మందారానికి వచ్చింది నీళ్ల జబ్బు కాకపోవచ్చు. ఈనెలు పచ్చగా ఉండి మధ్యన పసుపెక్కడం ఇనుము అందకపోతే కనిపించే లక్షణం. మట్టిలో ఇనుము ఉంటుంది, మన ఎర్రమట్టి ఎరుపే దానివల్ల. కానీ సిమెంటు, సున్నం కలిసిన చోట మట్టి క్షారం ఎక్కి వేరు ఆ ఇనుముని తీసుకోలేదు. రెండు పరీక్షలు చేసి చెప్పండి. డబ్బు ఖర్చు లేనివి.

ఒకటి, మూడు నాలుగు చోట్ల అడుగు లోతు మట్టి తీసి ఆరబెట్టి, దానిమీద నిమ్మరసం పిండండి. బుసబుస పొంగితే సున్నం ఉన్నట్టు. మామూలు ఎర్రమట్టి పొంగదు.

రెండు, అడుగు లోతు గుంత తవ్వి నిండా నీళ్లు పొయ్యండి. మొదటిసారి ఇంకనివ్వండి. రెండోసారి నింపి, పుల్లకి గుర్తు పెట్టి చూడండి. గంటకి ఒక అంగుళం దిగినా చాలు. తెల్లారేదాకా నీళ్లు నిలబడితే ఆ చోట మొక్క పెట్టొద్దు.

సీతమ్మధార_47 | మే 12

నా అనుభవంలో చెప్తున్నాను, అంత శ్రమ ఎందుకండీ? మొత్తం పేవర్ బ్లాకులు వేయించి కుండీలు పెట్టుకోండి. కొండల దగ్గర ఏరియా, వానాకాలం పాములు వస్తాయి. మేం అలాగే చేశాం, శుభ్రంగా ఉంది.

గరపనేల | మే 12

పాముల భయం తీసిపారేసేది కాదు. కానీ పాము వచ్చేది ఎలుక కోసం, కప్ప కోసం, దాక్కునే రాళ్ల గుట్ట కోసం. ఆ సిమెంటు పెళ్లల రబ్బీసు ఎత్తించెయ్యండి, గోడవారన సామాన్లు పేర్చకండి, నడిచే దారి రెండున్నర అడుగుల వెడల్పున ఖాళీగా ఉంచండి, దానికో దీపం పెట్టండి. నేలంతా కప్పేస్తే వాన నీరంతా వీధి కాలవలోకి పోతుంది. వెయ్యి చదరపు అడుగుల డాబా మీద ఒక్క సెంటీమీటరు వాన పడితే 900 లీటర్లు దాటుతుంది. ఉత్తరం జాగాలో పునాదికి దూరంగా ఇంకుడు గుంత ఒకటి తవ్వించుకుంటే ఆ నీళ్లు మన బోరుకే మిగులుతాయి.

తూర్పుగాలి_సాగర్‌నగర్ | మే 12

నేను సముద్రానికి దగ్గర్లో ఉంటాను, గాలి సంగతి నేను చెప్తాను. 2014 అక్టోబరు 12, ఆదివారం, హుద్‌హుద్ తుపాను రోజు. మా వీధిలో పడ్డ చెట్లన్నీ దాదాపు ఒకలాగే పడ్డాయి: ఒకపక్క ప్రహరీ గోడ, ఒకపక్క సిమెంటు రోడ్డు, మధ్యలో రెండడుగుల మట్టిలో పెరిగిన తురాయి చెట్లు. వేళ్లు పక్కలకి పోలేక పళ్లెంలా పైపైనే పరుచుకున్నాయి. పడ్డప్పుడు గోడని కూడా లేపుకుపోయాయి. నిలిచిన చెట్ల ఆకులు కూడా నాలుగు రోజుల్లో మాడిన కాగితంలా గోధుమరంగుకి తిరిగాయి. ఈ ఊళ్లో అప్పుడున్నవాళ్లెవరికీ ఆ రంగు మరుపు రాదు.

అందుకని 12 అడుగుల జాగాలో మామిడి వద్దక్కా. అది పడితే మీ ఇంటి మీదో, పక్క స్థలంలో రేపు కట్టబోయే ఇంటి మీదో పడుతుంది. మునగ కొమ్మ పెళుసు, మామూలు వాయుగుండానికే విరుగుతుంది. వెయ్యాలనుకుంటే ఏటా కాపు అయ్యాక నడుమెత్తుకి కొట్టెయ్యాలి.

ఉప్పు గాలి మధురవాడలో మా దగ్గరున్నంత ఉండదు. తుపాను తర్వాత మాత్రం, ఎక్కడున్నా సరే, వాన ఆగగానే మంచినీళ్లతో ఆకులన్నీ పైపుతో కడిగెయ్యండి. మా నందివర్ధనాలు, గన్నేర్లు అలాగే దక్కాయి. గాలికి అడ్డం కావాలని గోడ ఎత్తు పెంచకండి. గోడ దాటిన గాలి అవతల సుడి తిరిగి మొక్కల మీదే పడుతుంది. గుబురు కంచె అయితే గాలిని జల్లెడ పట్టినట్టు వదులుతుంది.

మేడమీదమడి | మే 13

ఒక్క ప్రశ్న ఎవరూ అడగలేదు: ఎండ ఎప్పుడు ఎంతసేపు పడుతుంది?

ఇల్లు దక్షిణాన, తోట ఉత్తరాన. విశాఖ 17.7 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉంది. మే రెండో వారం నుంచి జూలై ఆఖరు దాకా మిట్టమధ్యాహ్నం సూర్యుడు మన నడినెత్తికి కొంచెం ఉత్తరానికి ఉంటాడు. అంటే ఇప్పుడు మీ జాగా అంతా ఎండే. అది చూసి మోసపోకండి. డిసెంబరులో మధ్యాహ్నం సూర్యుడు 49 డిగ్రీల ఎత్తుకే వస్తాడు, అదీ దక్షిణం నుంచి. పది అడుగుల గోడ నీడ దాదాపు తొమ్మిది అడుగులు ఉత్తరానికి పడుతుంది. మీ రెండంతస్తులూ కలిపి 22 అడుగులు అనుకుంటే 19 అడుగుల నీడ. మీ 12 అడుగుల జాగా మొత్తం అందులో మునిగిపోతుంది. అక్టోబరు మూడో వారం నుంచి ఫిబ్రవరి మూడో వారం దాకా అంతే.

అంటే శీతాకాలంలో టమాటా, వంగ, మల్లె, జామ అక్కడ కుదరవు. బతుకుతాయి, కాయవు. నేను మొదటి ఇంట్లో ఇదే తప్పు చేశాను. మేలో గీసుకున్న ప్లాను పట్టుకుని నాటి, సంక్రాంతికి ఒక్క కాయ చూడలేదు.

ఇప్పుడు ఆ కేలెండరుకి సరిపోయే మొక్కలు వెతకండి. పసుపు, అల్లం చూడండి. మృగశిరకి దుంప పెడితే ఎండ ఉన్నన్నాళ్లూ ఆకు ఎదుగుతుంది, నీడ కమ్మేసరికి దుంప ఊరుతుంది, జనవరికి ఆకు ఎండి తవ్వకానికి వస్తుంది. మీ జాగా కోసమే పుట్టిన పంట అది. ఇంటి గోడవారన తమలపాకు తీగ, దాని కింద కనకాంబరం, వామాకు. ప్రహరీ వెంట నందివర్ధనం. ఈశాన్య మూల మీ ఇంటి ముందు గీత దాటి బయటికొస్తుంది కాబట్టి చలికాలంలోనూ పొద్దుటి ఎండ తగులుతుంది. తులసి, మల్లె, ఆకుకూరల మడి అక్కడ.

పెందుర్తి_పెరడు | మే 13

ఈశాన్యంలో ఎత్తు చెట్లు పెట్టకూడదని మా నాన్నగారు అనేవారు. ఎండ లెక్క ప్రకారమూ అదే వచ్చింది, బాగుంది.

సంపెంగ మాట ఎవరూ ఎత్తట్లేదు. వాయవ్యంలో పెట్టొచ్చు కదా?

కొత్తిల్లు_మధురవాడ | మే 18

మాస్టారూ, పరీక్షలు అయ్యాయి. అందరికీ చెప్పాల్సినంత జరిగింది.

నిమ్మరసం నాలుగు చోట్ల పిండాను. తూర్పు వైపు రెండు చోట్లా ఏమీ లేదు. మందారం దగ్గర మట్టి మాత్రం సోడా పోసినట్టు పొంగింది. గుంతలు కూడా అంతే. తూర్పు గుంతలో నీళ్లు 20 నిమిషాల్లో ఇంకిపోయాయి. మధ్యన తవ్విన గుంతలో రాత్రి పోసిన నీళ్లు తెల్లారి కాకి తాగుతోంది.

ఇద్దరు కూలీలని పెట్టి అక్కడ తవ్వించాం. ఎనిమిది అంగుళాల లోతులో గునపం ఖంగుమంది. చేత్తో మట్టి తోసి చూస్తే బూడిదరంగు పలక. స్లాబు వేసిన రోజుల్లో మిక్సరు కడిగిన నీళ్లు అక్కడే పారబోసేవారట, ఆ సిమెంటు పాలు గడ్డకట్టి రెండు అంగుళాల మందాన అప్పచ్చిలా పరుచుకుంది. సుమారు ఎనిమిదడుగుల పొడవు ఉంటుంది. సమ్మెటతో కొట్టి గమేళాల్లో ఎత్తించాం. ఆఖరి పెళ్ల లేపినప్పుడు దాని కింద మట్టి చల్లగా, ముదురు ఎరుపుగా ఉంది. అందులో ఒక వానపాము. మా అత్తగారు దాన్ని చూసి, ఇన్నాళ్లూ ఇది ఎలా బతికిందే అని, ఆకు మీద ఎత్తి తూర్పు వైపు వదిలారు.

వాయవ్యంలో సెప్టిక్ ట్యాంకు ఉందండీ. సంపెంగ అక్కడ కుదరదు కదా?

గరపనేల | మే 18

కుదరదు. వేరు తేమ వెతుక్కుంటూ ట్యాంకు పగుళ్లలోకి పోతుంది. నేలలో వదిలేసిన సంపెంగ మీ ఇంటిని మించిన చెట్టు అవుతుంది. విత్తనం మొక్క అయితే పూతకి ఏళ్లు పడుతుంది కూడా. అంటు మొక్క తీసుకోండి, రెండు మూడేళ్లకే పూస్తుంది. గేటు పక్క ఆగ్నేయ మూలన మూడడుగుల వెడల్పు సిమెంటు ఒర (బావి రింగు) దింపి అందులో పెట్టండి. అక్కడ చలికాలంలో కూడా మధ్యాహ్నం దాకా ఎండ ఉంటుంది. ఎనిమిదడుగుల ఎత్తులో తల తుంచుతూ ఉంటే అదుపులో ఉంటుంది. ఒకటే మాట, సంపెంగ కాళ్ల దగ్గర నీళ్లు నిలిస్తే ఓర్చుకోదు. ఒర అడుగు మూయించకండి.

మీ ఆవిడ వానపాము దగ్గర ఆగి చూశారంటే, ఆ ఇంట్లో తోట నిలబడుతుంది.

పెందుర్తి_పెరడు | మే 19

మాస్టారూ, "మీ ఆవిడ" కాదు, అత్తగారు. రాసింది కోడలు.

గరపనేల | మే 19

క్షమించమ్మా, పెద్దావిడ అని రాయబోయాను.

ఇప్పుడు మట్టి లెక్క. జాగా మొత్తానికి మట్టి తోలించొద్దు, మడులకి మాత్రమే. ప్రహరీ వెంట 24 అడుగుల పొడవు, మూడున్నర అడుగుల వెడల్పు, అడుగున్నర లోతు మడి అనుకుంటే 126 ఘనపుటడుగులు. రెండు పాళ్లు ఎర్రమట్టి, ఒక పాలు బాగా చివికిన పశువుల గత్తం, అర పాలు కొబ్బరి పొట్టు. మన ఎర్ర గరప, అంటే ఇసుక పాలు ఎక్కువున్న మట్టి, నీటిని పట్టి ఉంచదు, పోసింది పోసినట్టు దిగిపోతుంది. ఆ పట్టు ఇచ్చేది గత్తమే. పచ్చి పేడ కలిపితే వేరు ఉడుకుతుంది, చెదలు కూడా పడతాయి. గత్తం చేతిలోకి తీసుకుంటే వాసన రాకూడదు, పొడిలా రాలాలి.

మట్టిని తొలకరి వానకి వదిలెయ్యండి. రెండు మూడు అంగుళాలు కుంగుతుంది. ఆ తర్వాతే నాటాలి, లేకపోతే మొక్కలు గుంతల్లోకి దిగిపోయి మొదళ్లు కుళ్తాయి.

తూర్పుగాలి_సాగర్‌నగర్ | మే 19

ఎర్రమట్టి తోలేవాళ్లని ఎక్కడి మట్టి అని తప్పకుండా అడగండి. భీమిలి దారిలో ఎర్రమట్టి దిబ్బలు జాతీయ భూవారసత్వ స్థలం. వేల ఏళ్లపాటు గాలి, అలలు, సముద్ర మట్టం మార్పులు కలిసి పోగుపోసిన ఇసుక అది. అక్కడి నుంచి గమేళా మట్టి తెచ్చినా మన ఊరి చరిత్రని తవ్వి తెచ్చుకున్నట్టే. పునాదులు తవ్వుతున్న స్థలాల నుంచి వచ్చే మట్టి కావలసినంత దొరుకుతుంది, దానికి నిమ్మరసం పరీక్ష చేసి తీసుకోండి.

కొత్తిల్లు_మధురవాడ | జూన్ 16

మట్టి కుంగింది. నిన్న కడియం మొక్కలు దిగాయి: నందివర్ధనం 7, కనకాంబరం 20, కరివేపాకు 1, మల్లె 2, అంటు సంపెంగ 1. పసుపు కొమ్ములు, అల్లం అనకాపల్లి నుంచి మా ఆడపడుచు పంపింది. రేపు నాటాలి. మొక్కల మొదళ్లకి నల్లమట్టి ఉండ గట్టిగా బంతిలా ఉంది. అలాగే పెట్టెయ్యొచ్చా?

పెందుర్తి_పెరడు | జూన్ 16

అలాగే పెట్టొద్దు అక్కా! నేను మొదటి ఏడాది 11 మొక్కలు పోగొట్టుకున్నది ఇందుకే. ఆ బంకమట్టి ఉండ కడియం నుంచి ఇక్కడిదాకా వేరు ఎండకుండా కాపాడుతుంది. కానీ మన గరపలో పెట్టాక నీళ్లు చుట్టూ ఉన్న వదులు మట్టిలోంచి దిగిపోతాయి, ఉండలోకి పోవు. పైన మడి తడిగా కనిపిస్తుంది, లోపల వేరు ఎండిపోతుంది. చచ్చిన మొక్క పీకి చూస్తే ఉండ ఇటుకలా ఉంది.

బకెట్టు నీళ్లలో ఉండ మునిగేలా పెట్టండి. బుడగలు వస్తాయి. బుడగలు ఆగేదాకా ఉంచి తియ్యండి. ఉండ చుట్టూ వేళ్లతో నెమ్మదిగా నిమిరి పైమట్టి కొంత రాల్చండి, వేరు కొసలు బయటికి కనిపించాలి. మొత్తం విదిలించెయ్యకండి. సాయంత్రం నాలుగు దాటాక నాటండి. అంటు కట్టిన బుడిపె మట్టికి మూడు నాలుగు అంగుళాలు పైన ఉండాలి. అది మట్టిలో పూడితే కింది మొక్క చిగురేసి పైదాన్ని మింగేస్తుంది.

మేడమీదమడి | జూన్ 16

నందివర్ధనాలు మూడడుగులకి ఒకటి. ఇప్పుడు బోసిగా కనిపిస్తాయి, మధ్యలో ఇంకొకటి ఇరికించాలనిపిస్తుంది. వద్దు. ఆ ఖాళీలో ఈ ఏడాదికి బంతి నారు పోసుకోండి, దసరాకి ఆనందపురం పూల మార్కెట్టుకి వెళ్లే పని ఉండదు. తోటకూర, గోంగూర తూర్పు మడిలో వారం విడిచి వారం కొంచెం కొంచెం చల్లండి, అన్నీ ఒక్కసారే ముదరకుండా.

కొత్తిల్లు_మధురవాడ | జూలై 27

రాత్రికి రాత్రి ఆకుకూరల మడి సగం పోయింది. టార్చి వేసి చూస్తే అరచేతిలో సగం ఉన్న నత్తలు. మా వారు ఉప్పు చల్లుదామంటున్నారు.

గరపనేల | జూలై 27

ఉప్పు వద్దే వద్దు. నత్త చస్తుంది, మడీ చస్తుంది. ఇంత కష్టపడి బాగుచేసిన మట్టి అది. సాయంత్రం తడిపిన గోనెసంచి మడి పక్కన పరిచి, కింద బొప్పాయి తొక్కలో క్యాబేజీ ఆకులో పెట్టండి. తెల్లారి సంచి ఎత్తితే అన్నీ అక్కడే ఉంటాయి. ఏరి ఉప్పునీళ్ల బకెట్టులో వెయ్యండి. ఆ బకెట్టు మొక్కల దగ్గర పారబొయ్యకండి. ఉత్త చేతులతో ముట్టుకోవద్దు, పిల్లల్ని ముట్టుకోనివ్వొద్దు. వాటి జిగురులో మనిషి మెదడుకి చేటు చేసే పురుగు ఉండొచ్చు. ఆకుకూర మామూలు కంటే బాగా కడిగి ఉడికించే తినండి. రెండు వారాలు వరసగా ఏరితే తగ్గుతాయి.

కొత్తిల్లు_మధురవాడ | డిసెంబరు 21

మేడమీదమడి గారూ, ఈరోజు కావాలని మిట్టమధ్యాహ్నం టేపు పట్టుకుని వెళ్లాను. నీడ ప్రహరీ గోడ మీదికి ఎక్కింది. మీరు చెప్పకపోయి ఉంటే మధ్య మడిలో జామ ఉండేది.

నత్తలు పోయాయి. అక్టోబరు వాయుగుండానికి రెండు నందివర్ధనాలు వాలితే వెదురు పుల్ల కట్టి నిలబెట్టాను. తీసేసిన మందారాన్ని గేటు దగ్గర కొత్త మట్టిలో పెడితే చిగుళ్లు పచ్చగా వచ్చాయి. పసుపు ఆకు కింద నుంచి ఎండుతోంది, నీళ్లు మానేశాను. మల్లెకి ఏం చెయ్యాలి?

పెందుర్తి_పెరడు | డిసెంబరు 21

మల్లెకి కూడా నీళ్లు ఆపండి అక్కా. పది పదిహేను రోజులు ఎండగట్టి, మోకాలెత్తుకి కత్తిరించి, ఉన్న ఆకు దూసెయ్యండి. సంక్రాంతి దాటాక మొదట్లో గత్తం వేసి నీళ్లు మొదలుపెట్టండి. వచ్చే చిగురుతోనే మొగ్గ వస్తుంది.

కొత్తిల్లు_మధురవాడ | ఏప్రిల్ 6

పసుపు నాలుగు కిలోల పైన వచ్చింది, పచ్చిది. ఉడకబెట్టి మేడమీద ఆరబెట్టాం. మల్లెలు రోజూ దోసెడు. కరివేపాకు తల తుంచితే నాలుగు కొమ్మలు వేసింది.

సంపెంగ ఇంకా పూయలేదు, నాలుగడుగులు అయింది. మా అత్తగారు పొద్దున్నే కాఫీ గ్లాసు పట్టుకుని దాని దగ్గర నిలబడతారు. నిన్న కొసాకు పక్కన గోధుమరంగు పొరలో చుట్టుకున్న మొన చూసి మొగ్గ అన్నారు. నాకు ఆకు చిగురులా ఉంది. మాస్టారూ, తేడా ఎలా తెలుస్తుంది?

గరపనేల | ఏప్రిల్ 6

కొమ్మ చిట్టచివర సన్నగా, సూదిమొనలా ఉంటే ఆకు చిగురు. ఆకు కాడ మొదట్లో, పొట్టి తొడిమ మీద, బొద్దుగా వడ్లగింజ ఉబ్బినట్టు ఉంటే మొగ్గ. గిల్లి చూడొద్దు, వారం ఆగండి.

కొత్తిల్లు_మధురవాడ | ఏప్రిల్ 14

ఆకు చిగురేనండి. "అయితే పైఏడాది" అన్నారు మా అత్తగారు, ఎండుటాకులు ఏరి ఒరలో పరుస్తూ.

నందివర్ధనాలు కత్తిరించాలి, కొమ్మలు చాలా వస్తాయి. నాటుకోడానికి ఎవరికైనా కావాలా?

తూర్పుగాలి_సాగర్‌నగర్ | ఏప్రిల్ 14

నాకు ఆరు ఉంచక్కా. పెన్సిలు మందం ఉన్నవి, తడిగోనెలో చుట్టి నీడన పెట్టు. ఆదివారం పొద్దున్నే వస్తాను.